బోనులో ఒకే ఒక్క వాక్యం

"గొప్పలు చెప్పుకోవడం నాకు పుట్టుకతోనే రాలేదు. ఉన్నది ఉన్నట్టు చెప్పడం ఒక్కటే వచ్చు. ఈ సందు కోసం దావా నడిచిన రోజుల్లో నేను కోర్టు బోనెక్కి పలికినది ఒకే ఒక్క వాక్యం. ఆ వాక్యంతో దావా తేలిపోయింది. ఆ పైన జడ్జిగారు ఇంకొక సాక్షిని పిలవనివ్వలేదు. అంతే. అంతకు మించి నేను చేసినది ఏమీ లేదు" అని కోర్టు బామ్మగారు టీ గ్లాసు అందుకున్నారు.

రెండు ఇళ్ల నడుమ ఉన్న సందు అది. ఇటు పక్క బామ్మగారి ఇంటి గుమ్మం, దానికి ఎదురుగా పక్కింటి వదినగారి గుమ్మం, సందు చివర ఈ గుమ్మం నుంచి ఆ గుమ్మం దాకా అడ్డంగా వేసిన రాతి అరుగు. ఆ అరుగు మీద ఈ కొసన బామ్మగారూ ఆ కొసన వదినగారూ ప్రతి మధ్యాహ్నమూ కూర్చుంటారు. ఆనాడు కూడా కూర్చున్నారు. అయితే ఆనాడు బామ్మగారి వీపుకూ ఆమె సొంత గుమ్మానికీ మధ్య నుంచి ఒక తెల్లని తాడు బిగించి ఉంది. తాడు కొసను ఆమె ఇంటి గోడ మూలన పాతి ఉన్న ఒక నల్లరాతికి చుట్టారు. వదినగారి అబ్బాయి కట్టించబోయే గోడకు అది గుర్తు. బామ్మగారు ఆ తాడును దాటి, వదినగారితో ఎప్పటిలాగే ఏదో ఒక ముక్క అని, తన చోట తాను కూర్చున్నారు.

గోడ లేచిందంటే బామ్మగారి పక్కగుమ్మం మూసుకుపోతుంది. అరుగు గోడకు అవతల పడుతుంది. అంతకంటే ముందు, అడ్డుగా ఉన్న అరుగు కొసను పగలగొట్టాలి. అందుకోసం వచ్చిన తాపీ మేస్త్రీ గడ్డపారను పక్కన ఆనించి, పెద్దవాళ్ల టీ అయ్యేదాకా ఆగుదామని ఇటుకల దొంతర మీద కూర్చున్నాడు. వదినగారి అబ్బాయి కూర్చోకుండా నిలబడే ఉన్నాడు. ఇటు బామ్మగారి కోడలు ప్లీడరు గుమాస్తాను పిలిపించింది. ప్లీడరుకు కేసు అప్పగించే వకాల్తా కాగితం అతని మోకాలి మీద ఉంది. ఆమె సంతకం చేస్తే ఆ సాయంత్రమే పరుగెత్తి గోడ పని ఆపించే ఏర్పాటు చేస్తానన్నాడు.

"అత్తయ్యగారూ, ఆ వాక్యం ఏమిటో చెప్పండి. పాత తీర్పు మన పక్షాన ఉంటే ఇక వేరే దావాతో పనే లేదంటున్నారు గుమాస్తాగారు" అంది కోడలు.

"చెబుతున్నానుగా తల్లీ. పునాది వదిలేసి పైకప్పు వేస్తారా? మేస్త్రీ, నువ్వే చెప్పు."

"వేయరమ్మా" అన్నాడు మేస్త్రీ, టీ ఊదుకుంటూ.

"విన్నావుగా. అసలు దావా ఎందుకు పుట్టిందో ముందు తెలియాలి. అది వాన వల్ల పుట్టింది. మా చూరు నీళ్లు ఈ సందులో పడి తమ గోడను నానబెడుతున్నాయని ఈ వదిన ఇంటాయన అన్నాడు. వానను మేం పిలవలేదని మీ మామగారు అన్నారు. సందు ఎవరిదైతే నీళ్లు వాళ్లవని ఆయన, నీళ్లు ఎవరివైతే సందు వాళ్లదని ఈయన. ఇద్దరూ మంచివాళ్లే. చెడ్డవాళ్ల మధ్య తగాదా వస్తే కొట్టుకొని ఇళ్లకు పోతారు. మంచివాళ్ల తగాదాయే ఒక పట్టాన తెగదు. అంతటితో ఇద్దరూ మాట్లాడుకోవడం మానేశారు. అయినా పొద్దున్నే పేపరు చదవడం కాగానే మీ మామగారు దాన్ని సందు మీదుగా అటు విసిరేవారు. ఆయన చదివి, మడత నలగకుండా మళ్లీ ఇటు విసిరేవాడు. మాటలు లేవు, పేపరు మాత్రం ఉంది. అటువంటి మనుషులు ఇప్పుడెక్కడున్నారు?"

చేటలోకి బఠానీలు ఒలుస్తున్న వదినగారి వేళ్లు కాయ మీద ఒక క్షణం ఆగి, మళ్లీ కదిలాయి.

"అత్తా, మా నాన్న పేపరు సంగతి తర్వాత. పొద్దు వాలకముందే మేస్త్రీ పునాది తవ్వాలి" అన్నాడు అబ్బాయి.

"నాయనా, దావా నాటికి నువ్వు ఉయ్యాలలో ఉన్నావు. నిన్ను సాక్షిగా పిలవలేదు. కాబట్టి ఊరుకొని విను. కోర్టుకు వెళ్లాలంటే పొద్దున ఒకటే బస్సు. వాదులూ ప్రతివాదులూ అందరూ అందులోనే ఎక్కాలి. ఈయన ముందు సీటులో, ఆయన వెనక సీటులో. మేమిద్దరం మధ్యలో, ఒకే కిటికీ పక్కన. భోజనం డబ్బా కూడా ఒకటే. పై గిన్నె నాది, కింది గిన్నె వదినది."

"ప్రతివాదితో కలిసి భోజనమా అమ్మగారూ!" అన్నాడు గుమాస్తా. వృత్తికే అవమానం జరిగినట్టు అతని ముఖం వాడిపోయింది.

"మా ప్లీడరుకూ అదే బాధ. 'తల్లీ, కనీసం కోర్టు ఆవరణలోనైనా ముఖాలు తిప్పుకోండి' అని బతిమాలేవాడు. పెద్దమనిషి మాట తీసేయడం దేనికి? ముఖాలు తిప్పుకొని, వీపులు ఆనించుకొని, గిన్నె వెనక నుంచి వెనకకు అందించుకుంటూ తినేవాళ్లం. ఆ వరండా, ఆ తడిగొడుగుల వరస, ఆ సిరా వాసన ఇప్పటికీ నా కళ్లలో ఉన్నాయంటే నమ్ము. లోపల సాక్షుల బల్లకు ఒక కాలు పొట్టి. కింద అట్టముక్క మడిచి పెట్టేవారు. అది జారినప్పుడల్లా ఇటు పక్షం వాళ్లు అటు పక్షం వాళ్ల మీద పడేవారు. గోడగడియారం ఆగిపోయి ఎప్పుడూ మధ్యాహ్నమే చూపించేది. అందుకే ఎన్ని వాయిదాలు పడినా పొద్దుపోయినట్టు ఉండేది కాదు. సరే, చివరికి నా వంతు వచ్చింది. బంట్రోతు గుమ్మంలో నిలబడి నా పేరు పిలిచాడు. 'ఉన్నాను' అన్నాను. గట్టిగా కూడా అనలేదు, ఇదిగో ఇప్పుడు మాట్లాడుతున్నట్టే అన్నాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"ఏమైంది?" అన్నాడు మేస్త్రీ.

"ఏళ్ల తరబడి ఎవరికీ దొరకకుండా తిరుగుతున్న దొంగలు నలుమూలల నుంచీ వచ్చి, 'మేమూ ఉన్నామండీ' అని పక్క కోర్టులో వరసగా నిలబడ్డారు. పోలీసులు నాకు దండం పెట్టారు."

"అమ్మగారూ, పలికినది ఒకే ఒక్క వాక్యమన్నారు. ఇది రెండోది అవుతుందేమో" అన్నాడు గుమాస్తా.

"అది వాక్యం కాదు, హాజరు. ఇంత కాలం కోర్టు గడప తొక్కుతున్నావు, ఆ మాత్రం తేడా తెలియదూ? బోనెక్కాను. వీళ్ల ప్లీడరు లేచాడు. గద్దముక్కు, నల్లకోటు, చేతిలో ప్రశ్నల చిట్టా. మొదటి ప్రశ్న వేశాడు. నేను బదులు చెప్పలేదు. ఊరకే చూశాను. ఆ చూపుకు అతని కోటు గుండీలు ఒక్కొక్కటే తెగి కింద పడ్డాయి. అడగవలసిన ప్రశ్నలన్నీ మరిచిపోయి, పాపం, బడిలో చదివిన ఎక్కాలు అప్పజెప్పడం మొదలుపెట్టాడు. పదమూడో ఎక్కం దగ్గర అడ్డంపడి ఏడ్చేశాడు. జడ్జిగారే జాలిపడి అందించారు."

కోడలు నవ్వు ఆపుకోవడానికి గ్లాసు అడ్డం పెట్టుకుంది. పెట్టుకుంటూనే గడ్డపార వైపు ఒకసారి చూసింది.

"అప్పుడు పలికాను ఆ వాక్యం."

"ఏమిటది?" అన్నారు గుమాస్తా, కోడలు, అబ్బాయి ఒక్కసారిగా.

"పలికానో లేదో, తిరుగుతున్న పంకా నిలిచిపోయింది. నిలిచిపోయిన గడియారం నడిచింది! ఏళ్లుగా ఆగిన గంటలన్నీ కలిపి ఒకేసారి కొట్టింది. ఆ గంటలు వినిపించినంత మేర బడులన్నీ వదిలేశారు. జడ్జిగారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. 'అమ్మా, ఇలాంటి మాట నా కోర్టులో ఇంతవరకూ ఎవరూ పలకలేదు' అన్నారు. ఈ మాట నిజంగా అన్నారు. వదినను అడగండి."

"అన్నారు" అన్నారు వదినగారు, తల ఎత్తకుండా.

గుమాస్తా కలం మూత తీశాడు. "అంటే తీర్పు మన పక్షానే. ఆ వాక్యం ఒక్కటి—"

"వస్తున్నా నాయనా. జడ్జిగారు అన్నారు కదా, 'ఇంతటి వాక్యం పుట్టిన జాగాను నేను కళ్లారా చూడాలి' అని. బయలుదేరారు. వెనక బంట్రోతు, వెనక ప్లీడర్లు, వెనక తమ తమ దావాలు వాయిదా వేయించుకున్న జనం. తల ఇక్కడుంటే తోక ఇంకా కోర్టు మెట్లు దిగలేదు. కొలతలు తీసేవాడు గొలుసు తెచ్చాడు. ఈ సందు ఎంత వెడల్పు?"

"బారెడు ఉంటుంది" అన్నాడు మేస్త్రీ, తాడును కంటితో కొలిచి.

"ఇప్పుడు బారెడు. ఆనాడు నేను గుమ్మంలో నిలబడి చూస్తున్నానా, మొదటిసారి గొలుసు వేస్తే రెండు బండ్లు పట్టేంత వచ్చింది. వాడు కళ్లు నులుముకొని మళ్లీ వేశాడు. ఈసారి గొలుసు చాలలేదు. చుట్టుపక్కల కొలతల వాళ్లందరి గొలుసులూ తెచ్చి ముడివేశారు. అవీ చాలలేదు. ఓడరేవు నుంచి లంగరు తాడు తెప్పించారు. ఈ కొసన వాడు కేకవేస్తే ఆ కొసన ఉన్నవాడికి మర్నాడు వినిపించింది."

"బామ్మగారూ, మరి అంత సందు మళ్లీ బారెడు ఎలా అయింది?"

"నేను లోపలికి వెళ్లి తలుపేసుకున్నాక సర్దుకుంది. జాగాకు కూడా భయం, మర్యాద ఉంటాయి మేస్త్రీ. నువ్వు మనుషులు నిలబడని జాగాలు కొలిచి కొలిచి ఆ సంగతి మరిచిపోయావు. ఇక హద్దురాయి. మా తాతముత్తాతల నాటి రాయి. అది ఎటు పక్క ఉండాలన్నదే కదా తగాదా అంతా? ప్లీడర్లు దాని చుట్టూ తిరిగి తిరిగి సందులో గాడి పడింది. నేను వంగి రాయి చెవిలో అడిగాను. 'ఏమమ్మా, నీ చోటు నీకు తెలియదా? ఒకరు చెప్పాలా?' అన్నాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"నడిచింది" అన్నాడు మేస్త్రీ.

"ముందు సిగ్గుపడింది. ఆ తర్వాత నడిచింది. మెల్లగా, కొత్తగా అడుగులు వేసే పిల్లలాగా నడిచింది. జడ్జిగారు టీ తాగడం ముగించేసరికి, ఆ వదిన గుమ్మం పక్కకు వెళ్లి, అటూ ఇటూ చూసుకొని, కుదురుగా కూర్చుంది. సందంతా మాకు వచ్చింది. ఈ వదిన ఇంటాయన నోట మాట లేదు. మర్నాడు పేపరు కూడా మడతపెట్టకుండా విసిరాడు."

"మా నాన్నా?" అన్నాడు అబ్బాయి. కోపంతో మొదలైన ఆ మాట చివరకు వచ్చేసరికి నవ్వులోకి జారబోయింది. అతడు దాన్ని గట్టిగా పట్టుకున్నాడు.

"అక్కడితో పోయిందా? పోలేదు. ఊరూరా తెలిసిపోయింది. పొలాల తగాదాలు, పెరళ్ల తగాదాలు, గోడల తగాదాలు అన్నీ మా వంటింటికే వచ్చాయి. నేను ఒక చేత్తో పొయ్యి చూసుకుంటూ రెండో చేత్తో తీర్పులు చెప్పేదాన్ని. కోర్టులో ప్లీడర్లు ఈగలు తోలుకున్నారు. జడ్జిగారి కుర్చీలో పావురం గుడ్లు పెట్టింది. చివరకు ఆయనే ఒకనాడు తన పెరటి గోడ తగాదా పట్టుకొని వచ్చి వరసలో నిలబడ్డారు. ముందుకు రమ్మన్నా రాలేదు. 'వరస వరసే అమ్మా' అన్నారు. అదీ పెద్దరికమంటే! ఒక నదికి అటూ ఇటూ ఉన్న రెండు దేశాల వాళ్లు వచ్చారు. నది ఏటేటా ఒరుగుతోంది, హద్దు నిలవడం లేదన్నారు. వాళ్లకు చెప్పడం దేనికని నదినే పిలిపించాను."

"నది వచ్చిందా అత్తయ్యగారూ?"

"రాకేం? గుమ్మం బయటే నిలబడింది. లోపలికి వస్తే ఇల్లు తడుస్తుందని దానికే తోచింది. 'ఒక చోట కుదురుగా పారలేవూ?' అన్నాను. అప్పటి నుంచి గీత గీసినట్టు పారుతోంది."

అబ్బాయి చేతిలోని టీ చల్లారిపోయింది. అతడు గ్లాసును అరుగు అంచున పెట్టి, ఇంకొక చోటు లేక, దాని పక్కనే కూర్చున్నాడు.

బామ్మగారు గొంతు తగ్గించారు. అంతదాకా గబగబా సాగిన మాట ఇప్పుడు నిమ్మళంగా, ఎవరికో వినిపించాలన్నట్టుగా సాగింది.

"ఇవన్నీ ఒక ఎత్తు, ఆ పైన జరిగినది ఒక ఎత్తు. ఒకనాడు పగలూ రాత్రీ కలిసి వచ్చాయి. ఎండాకాలం వస్తే పగలు తన జాగా ఆక్రమిస్తోందని రాత్రి, చలికాలం వస్తే రాత్రి తన జాగా ఆక్రమిస్తోందని పగలు. అదిగో, పగలు ఆ గోడ పక్కన నిలబడింది. రాత్రి ఈ గోడ పక్కన నిలబడింది. ఒకరి ముఖం ఒకరు చూసుకోరు. ఇద్దరూ మంచివాళ్లే. నేను ఏం చేశానో తెలుసా? గోడ పెట్టమనలేదు. ఇద్దరి మధ్యా ఒక అరుగు వేశాను. 'ఈ కాస్త జాగా ఎవరిదని అడగకండి. పని ముగించుకొని వెళ్లేవాళ్లు వెళుతూ, పనికి వచ్చేవాళ్లు వస్తూ, ఇక్కడ కాసేపు కూర్చొని మాట్లాడుకోండి' అన్నాను. అప్పటి నుంచే లోకంలో సాయంకాలం ఏర్పడింది. అంతకు ముందు లేదు."

"అంతకు ముందు సాయంకాలాలే లేవా?" అన్నాడు మేస్త్రీ.

"ఉంటే నువ్వు చూశావా?"

మేస్త్రీ ఆలోచనలో పడ్డాడు. సందులోకి పడే ఎండ అప్పటికి వదినగారి గుమ్మం మెట్టు దాకా వెనక్కు వెళ్లింది. వదినగారి బఠానీలు ఒక్కొక్కటే చేటలో పడుతున్నాయి.

అబ్బాయే ముందుగా తేరుకున్నాడు. "అత్తా, నీ మీద నాకు కోపం లేదు. కానీ నువ్వు ఇలా ఏళ్ల తరబడి చెప్పడం వల్లే నాకు భయం. ఊళ్లో సగం మంది ఈ సందు మీదేనని నమ్ముతున్నారు. రేపు మీ మనవలు వచ్చి 'తరతరాలుగా కూర్చుంటున్నాం, మాదే' అంటారు. అందుకే గోడ. మేస్త్రీ, లే."

"సంతకం చేయండమ్మా" అని గుమాస్తా తొందరపెట్టాడు. "పాత తీర్పు ఉన్నా మంచిదే. లేకపోయినా ఇన్నేళ్లుగా ఎవరినీ అడగకుండా అనుభవించారు కాబట్టి స్వాధీనం మీదే అని దావా వేస్తాం."

కోడలు కలం అందుకుంది. మేస్త్రీ గడ్డపార ఎత్తాడు. బామ్మగారు అరుగు కొసను వదలకుండా, వీపు నిటారుగా పెట్టుకొని కూర్చున్నారు.

"ఆగు మేస్త్రీ" అన్నారు వదినగారు.

ఆమె చేటను పక్కన పెట్టి, చేతులు దులుపుకున్నారు.

"సాయంకాలానికి తీర్పు చెప్పినదానివి, సందు తీర్పు ఏమైందో కూడా చెప్పు వదినా."

"చెప్పానుగా."

"రాయి నడిచిందన్నావు. నడవలేదు. అదిగో, నీ వీపు వెనక, మీ గోడ మూలనే ఉంది. మేస్త్రీ తాడు చుట్టింది దానికే."

అందరూ ఆ నల్లరాతి వైపు చూశారు. పొద్దున్నుంచీ అందరి కళ్ల ముందూ ఉన్న రాయి అది. తాడు చుట్టిన మేస్త్రీ కూడా అప్పుడే చూసినట్టు చూశాడు.

"అంటే దావా?" అంది కోడలు.

"మా వదిన ఓడిపోయిందమ్మా. సందంతా మాదేనని తీర్పు వచ్చింది."

"అమ్మా! ఇన్నేళ్లుగా అడుగుతున్నాను, నవ్వి ఊరుకున్నావే కాని ఒక్కసారైనా చెప్పావా?" అన్నాడు అబ్బాయి.

"అడిగినవాళ్లకల్లా తను చెబుతూనే ఉందిగా. అంత బాగా నేను చెప్పలేను. విని సంతోషించేదాన్ని. ఇవాళ గడ్డపార అరుగు మీదికి వచ్చింది కాబట్టి నోరు విప్పాను." వదినగారు గుమాస్తా వైపు తిరిగారు. "ఇందాకటి నుంచీ వాక్యం, వాక్యం అని అడుగుతున్నావు కదా, నేను చెబుతాను. మా వదినకు వాళ్ల ప్లీడరు ముందుగా ఒక వాక్యం నేర్పాడు. 'ఈ సందును మేం ఎవరినీ అడగకుండా మా సొంతంగా వాడుకుంటున్నాం.' ఇదే. ఆదివారాలు వాళ్లింట్లో కూర్చోబెట్టి వల్లెవేయించేవాడు. మా వంటింటి కిటికీ ఇటే కదా, నాకూ నోటికి వచ్చేసింది. ఆ పొద్దున బస్సులో తను తడబడితే నేనే అందించాను."

"మీరా? ప్రతివాదులా?" అన్నాడు గుమాస్తా నీరసంగా.

"పాపం, కంగారుపడుతుంటే చూస్తూ ఊరుకుంటానా? సరే, బోనెక్కింది. మా ప్లీడరు అడిగాడు. 'అయితే ఏమ్మా, ఎదుటివాళ్ల సందులోకి మీరు అడగకుండానే అడుగు పెట్టేస్తారన్నమాట?' అన్నాడు. నేర్చుకున్నది ఒప్పజెబితే చాలు, దావా గెలిచేది. మా వదిన మెడ నిక్కించింది. అక్కడ అన్నది ఇది: 'అడగకుండా ఒకరి జాగాలో కాలు పెట్టే ఇంట్లో నేను పుట్టలేదు, రోజూ నా గుమ్మంలో నిలబడి, వదినా రావచ్చా అని అడిగి, రమ్మన్నాకే వస్తాను.'"

గుమాస్తా కలం మూత పెట్టి, రెండు చేతులతోనూ నెత్తి పట్టుకున్నాడు.

"అదే ఆ వాక్యం. జడ్జిగారు కళ్లజోడు తుడుచుకున్నది నిజం. ఇలాంటి మాట తన కోర్టులో ఎవరూ అనలేదన్నదీ నిజం. అన్నయ్యగారు సాక్షుల బల్ల మీద తల ఆనించేసరికి కాలు కింద అట్టముక్క జారి, మా ఆయన వచ్చి ఆయన మీద పడ్డాడు. ఆ దావా మొత్తం మీద వాళ్లిద్దరూ దగ్గరైంది ఆ ఒక్కసారే." వదినగారు ఇప్పుడు కొడుకు వైపు తిరిగారు. "చూడు నాయనా, మీ అత్త రాళ్లను నడిపించింది, నదిని గుమ్మంలో నిలబెట్టింది, సాయంకాలాన్ని పుట్టించింది. ఇన్ని కోతలు కోసే మనిషి ఆ రోజు బోనులో ఒక్క చిన్న కోత కోసి ఉంటే ఈ సందు వాళ్లదే. కోయలేదు. ఎందుకంటే అది నన్ను అడగలేదని చెప్పే అబద్ధం. నీ భయం ఏమిటి? కూర్చోగా కూర్చోగా వాళ్లదైపోతుందనేగా? గుమాస్తా, నువ్వే చెప్పు. అడిగి కూర్చున్నవాళ్లకు స్వాధీనం హక్కు వస్తుందా?"

గుమాస్తాకు చెప్పాలని లేదు. అయినా చెప్పాడు. "ఎన్ని తరాలు కూర్చున్నా రాదమ్మా. యజమాని సరే అంటే కూర్చున్నట్టు. అంతే."

"విన్నావుగా. ఆ తీర్పు వచ్చిన మర్నాడు కూడా అడిగింది. నిన్న అడిగింది. ఇందాక నీ తాడు దాటుతూ కూడా అడిగింది. నువ్వు ఇటుకలు లెక్కపెట్టుకుంటూ వినలేదు. ఇక ఈ గోడ ఎవరు రాకుండా?"

అబ్బాయి తాను కూర్చున్న రాతి మీద అరచేయి ఆనించి, దాని నునుపును చూశాడు. ఆ తర్వాత లేచాడు.

"మేస్త్రీ, తాడు విప్పు."

"ఇటుకలు?"

"పెరట్లో స్నానాల గది కట్టుకుందాం. అక్కడ ఎవరూ అడగకుండా రారు."

కోడలు వకాల్తా కాగితాన్ని గుమాస్తాకు తిరిగి ఇచ్చి, "ఇంకొక టీ తాగి వెళ్లండి" అంది. ఇంత మంచి దావా చేజారిన దుఃఖంలో అతడు వద్దనలేకపోయాడు.

అప్పుడు అందరూ బామ్మగారి వైపు చూశారు. ఆమె గ్లాసును కింద పెట్టి, చీర మడతలు సరిచేసుకొని, తల ఎత్తారు.

"ఓడిపోయానని ఎవరన్నారు? తీర్పు వాళ్ల పక్షాన వచ్చింది, నిజమే. ఆ తర్వాత ఒక్క రోజైనా ఈ వదిన నన్ను రావద్దందా? గెలిచి ఉంటే మాత్రం నేను ఏం చేసేదాన్ని? రోజూ మధ్యాహ్నం వచ్చి ఇక్కడే కూర్చునేదాన్ని. ఇప్పుడు ఏం చేస్తున్నాను? మరి గెలుపుకూ దీనికీ తేడా ఏమిటో ఆ గుమాస్తాను చెప్పమనండి."

గుమాస్తా టీ మీదనే దృష్టి పెట్టాడు.

మర్నాడు మధ్యాహ్నం బామ్మగారు పక్కగుమ్మంలో నిలబడ్డారు. నల్లరాయి తన చోట తాను ఉంది. దాని మెడలో తాడు లేదు.

"వదినా, రావచ్చా?"

"రా వదినా."

వీధిలో పోతున్న దర్జీ, గడ్డపార సంగతి విని, తెలుసుకుందామని సందులోకి తొంగిచూశాడు. బామ్మగారు అతణ్ణి ఇటుకల దొంతర మీద కూర్చోమన్నారు.

"గొప్పలు చెప్పుకోవడం నాకు పుట్టుకతోనే రాలేదు. ఉన్నది ఉన్నట్టు చెబుతాను. నిన్న ఇదే వేళకు మేస్త్రీ ఇంత లావు గడ్డపార ఎత్తాడు. నేను ఏమీ అనలేదు. ఊరకే చూశాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

దర్జీ ముందుకు వంగాడు. బామ్మగారు ఒక క్షణం తడుముకున్నారు.

"వంగిపోయింది" అని వదినగారు బఠానీలు ఒలుస్తూ అందించారు.